ఐదేళ్లు ఎప్పటికి నిండాలి?

ధవళేశ్వరం దగ్గర కాటన్ బ్యారేజీకి 175 గేట్లున్నాయి. వాటి కింద తూర్పు, మధ్య, పశ్చిమ డెల్టాల్లో కలిపి పది లక్షల ఎకరాలకు పైగా ఆయకట్టు ఉంది. బ్యారేజీ దగ్గర వదిలిన నీరు దానంతటది చేలోకి చేరదు. ప్రధాన కాలువ నుంచి పంట బోదె దాకా లాకులు, షట్టర్లు, తూములు ఉంటాయి. ప్రతిచోటా ఎవరో ఒకరు ఎత్తాలి, దించాలి. పీతలు తొలిచిన గట్టును కనిపెట్టి పూడ్చాలి. గుర్రపుడెక్క పేరుకుపోతే లాగి ఒడ్డున పడెయ్యాలి. దాళ్వాలో, అంటే రబీ వరి సాగులో, నీరు చాలక వంతులు పెట్టినప్పుడు, పై ఊరివాళ్లు అర్ధరాత్రి తూము ఎత్తకుండా గట్టు మీదే కాపలా ఉండాలి. ఈ పనులు చేసేవారిని లస్కర్లంటారు.

1852లో ఆనకట్ట పూర్తయిన నాటి నుంచి ఈ పని ఉంది. కాలువ పారినంత కాలం ఉంటుంది కూడా. కానీ చేసే మనిషి చాలాచోట్ల పర్మనెంటు ఉద్యోగి కాడు. రిటైరైన లస్కరు స్థానంలో కొత్తవారిని తీసుకోకుండా రోజుకూలీ మీద, ఆ తర్వాత ఔట్‌సోర్సింగ్ మీద పని నడిపించడం అలవాటైపోయింది. పురపాలక సంఘాల పారిశుద్ధ్య పని, పంచాయతీల్లో మంచినీటి ట్యాంకుల పని కూడా ఇదే దారిలో నడిచాయి. ఏళ్లు గడిచాక ఆ మనిషి అడిగే ప్రశ్న ఒక్కటే: పని శాశ్వతమైనప్పుడు నేను తాత్కాలికం ఎలా అయ్యాను? ఆ ప్రశ్న పట్టుకుని కోర్టుకు వెళ్తే ఏం జరుగుతుందో ఒక వరసలో చూద్దాం.

ముందు మస్టరు కాగితం సంగతి తెలియాలి. దినసరి కూలీని ప్రభుత్వ కార్యాలయాల్లో ఎన్.ఎం.ఆర్. అంటారు. నామినల్ మస్టర్ రోల్, అంటే పేర్ల హాజరు పట్టీ, మీద జీతం తీసుకునేవాడని అర్థం. పట్టీలో ఎడమ పక్క పేరు, తండ్రి పేరు, ఆ పక్కన తేదీల గడులు, చివర మొత్తం రోజులు, రేటు, కూలి, సంతకం లేదా వేలిముద్ర ఉంటాయి. ఆ మనిషి అక్కడ పనిచేశాడనడానికి ప్రభుత్వం దగ్గర ఉండే ప్రధాన రుజువు ఆ గడుల్లోని గీతలే. నియామక ఉత్తర్వు ఉండదు, సర్వీసు రిజిస్టరు ఉండదు. ఆ పట్టీ రాసేది, దాచేది, అవసరం తీరిందని పారేసేది కూడా కార్యాలయమే. ఈ విషయం గుర్తుంచుకుంటే తర్వాత చెప్పేదంతా తేలిగ్గా అర్థమవుతుంది.

కోర్టు మొదట అడిగేది ఎన్నేళ్లు చేశావని కాదు, ఎలా చేరావని. రాజ్యాంగంలోని 14, 16 అధికరణాలు ప్రభుత్వ ఉద్యోగంలో అందరికీ సమాన అవకాశం ఉండాలంటాయి. ప్రకటన ఇచ్చి, అర్హులందరినీ పోటీకి రానిచ్చి, రిజర్వేషన్లు పాటించి ఎంపిక చేయాలి. సెక్షన్ ఆఫీసరు రమ్మంటే వచ్చి గట్టు పనిలో చేరిన మనిషి ఆ దారిలో రాలేదు. ఆ ఉద్యోగానికి పోటీ పడగలిగి కూడా అవకాశం రాని నిరుద్యోగి ఒకడు బయట ఉన్నాడని కోర్టు గుర్తుచేస్తుంది. ఈ వాదనలో న్యాయముంది, కొట్టిపారేయలేం. అయితే ఆ నిరుద్యోగికి ప్రకటన ఇవ్వనిది ఈ కూలీ కాదు, ప్రభుత్వం. తప్పు ఒకరిది, శిక్ష ఇంకొకరికి పడుతోంది. ముప్ఫై ఏళ్లుగా ఈ వ్యాజ్యాలన్నిటి అడుగునా ఉన్న ముడి ఇదే.

మన రాష్ట్రంలో ఈ ముడి మీద ఒక తేదీ వేసి ఉంది: 1993 నవంబరు 25. ప్రభుత్వ నియామకాల క్రమబద్ధీకరణ, సిబ్బంది హేతుబద్ధీకరణ కోసం తెచ్చిన 1994 నాటి 2వ నంబరు చట్టం ఆ తేదీ నుంచి అమల్లోకి వచ్చింది. దాని 3వ సెక్షన్ దినసరి నియామకాలను నిషేధించింది. 7వ సెక్షన్, దినసరి కూలీకి పర్మనెంటు చేయమని అడిగే హక్కు లేదంది. నిషేధాన్ని మీరిన అధికారికి శిక్ష వేసే నిబంధన కూడా చట్టంలో ఉంది. ఆ తర్వాత కూడా కార్యాలయాల్లో కూలీలు చేరుతూనే వచ్చారు. కోర్టుల్లో హక్కు లేదన్న సెక్షన్ కూలీ మీద వేలసార్లు ప్రయోగమైంది.

అప్పటికే పనిలో ఉన్నవారి కోసం 1994 ఏప్రిల్ 22న ఆర్థిక శాఖ జీవో 212 ఇచ్చింది. 1993 నవంబరు 25 నాటికి ఆగకుండా ఐదేళ్లు పనిచేసి, ఆ రోజుకు ఇంకా పనిలో ఉన్న దినసరి కూలీలను క్రమబద్ధీకరించవచ్చన్నది దాని సారం. విద్యార్హత, వయసు, ఖాళీ, రిజర్వేషను వంటి షరతులున్నాయి. లెక్క వేస్తే, 1988 నవంబరు 25లోగా చేరినవాడు గీతకు ఇవతల, మర్నాడు చేరినవాడు అవతల. ఇద్దరూ ఒకే గట్టు మీద పక్కపక్కన పనిచేసినవారు కావచ్చు.

అప్పుడు లేచిన వివాదం ఈ వ్యాసం పేరులో ఉంది. ఐదేళ్లు ఎప్పటికి నిండాలి? 1993 నవంబరు 25కే నిండి ఉండాలా, లేక ఆ రోజుకు పనిలో ఉండి తర్వాత ఎప్పుడు నిండినా చాలా? కార్మికులు రెండో అర్థం కోరారు. ప్రభుత్వం 1998లో చట్టానికి సవరణలు తెచ్చి, ఆ తేదీ నాటికే నిండాలని స్పష్టం చేసింది. పార్ట్‌టైము వారికి పదేళ్లన్నది. ఆ సవరణలు చెల్లుతాయా అన్న వ్యాజ్యం సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. ఆంధ్రప్రదేశ్ మహిళా సహకార ఆర్థిక సంస్థకు సంబంధించిన ఎ. మంజుల భాషిణి కేసులో 2009 జులైలో తీర్పు వచ్చింది. సవరణలు చెల్లుతాయి, తేదీ చెల్లుతుంది. కోర్టులో వాదన సాగిన ఆ పదేళ్లలో గట్టు మీద వాళ్లకు ఐదేళ్లు ఎప్పుడో నిండిపోయాయి, పదేళ్లు నిండాయి, కొందరికి ఇరవై కూడా నిండాయి.

ఈలోగా సుప్రీంకోర్టులోనే ఇంతకంటే పెద్ద తీర్పు వచ్చేసింది. కర్ణాటక వాణిజ్య పన్నుల శాఖలో దినసరి మీద పనిచేసినవారి వ్యాజ్యం అది. ఉమాదేవి కేసు అంటారు. 2006 ఏప్రిల్ 10న ఐదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం తీర్పిచ్చింది. ఎంతకాలం పనిచేసినా, సక్రమ ఎంపిక లేకుండా వచ్చినవారిని పర్మనెంటు చేయమని హైకోర్టులు ఆదేశించరాదని తేల్చింది. అంతకు ముందు, 1990లో ధార్వాడ దినసరి ఉద్యోగుల కేసు వంటి తీర్పులతో కార్మికులకు కొంత తెరుచుకున్న దారి అక్కడితో మూసుకుపోయింది.

పూర్తిగా మూయలేదు. తీర్పులో 53వ పేరా ఒక సందు వదిలింది. మంజూరైన పోస్టులో, తగిన అర్హతతో, కోర్టు ఉత్తర్వుల ఆసరా లేకుండా పదేళ్లు పనిచేసినవారిని ఒక్కసారికి క్రమబద్ధీకరించవచ్చు. దానికి ఆరు నెలల్లో ప్రక్రియ మొదలుపెట్టాలని ప్రభుత్వాలకు చెప్పింది. 2010లో ఎం.ఎల్. కేసరి కేసులో సుప్రీంకోర్టు దీన్ని మరింత విడమర్చింది. పోస్టు, అర్హత రెండూ ఉండి పోటీ ఎంపిక మాత్రం జరగకపోతే ఆ నియామకం సక్రమం కాదు, అంతే. దాన్ని సరిచేయవచ్చు. పోస్టే లేకపోయినా, అర్హత లేకపోయినా అది అక్రమం. దాన్ని సరిచేయడం కుదరదు. 2006 ఏప్రిల్ 10 నాటికి పదేళ్లు నిండినవారందరి పేర్లూ పరిశీలించేదాకా ఆ ఒక్కసారి పని పూర్తయినట్టు కాదని కూడా కోర్టు అంది.

ఆ పేరాలో కోర్టు ఉత్తర్వుల ఆసరా లేకుండా అన్న షరతు దగ్గర ఆగాలి. కార్యాలయం రేపటి నుంచి రావద్దంది అనుకుందాం. కూలీ హైకోర్టుకు వెళ్లి మధ్యంతర ఉత్తర్వు, అంటే తీర్పు వచ్చేదాకా యథాతథంగా ఉంచమనే ఆదేశం, తెచ్చుకున్నాడు. ఆ ఉత్తర్వు మీద ఎనిమిదేళ్లు పనిచేశాడు. పని నిజమే, చెమట నిజమే, నీరు పారింది నిజమే. పదేళ్ల లెక్కలో మాత్రం ఆ ఎనిమిదేళ్లు చేరవు. కోర్టుకు వెళ్లకపోతే ఉద్యోగం ఆ రోజే పోయేది. వెళ్లినందుకు సర్వీసు పోయింది. వ్యాజ్యం లాగి లాభపడకూడదన్నది కోర్టు ఉద్దేశం కావచ్చు. కానీ వ్యాజ్యం లాగే శక్తి రోజుకూలీకి ఉండదు. కౌంటరు, అంటే ప్రతివాది సమాధానం, వేయడానికి ఏళ్లు తీసుకునేది సాధారణంగా ప్రభుత్వ పక్షమే. ఈ షరతు బలహీనుడి మీదే ఎక్కువ బరువు వేసిందని నా అభిప్రాయం.

కోర్టుకు వెళ్లే దారులు రెండు. ఒకటి కార్మిక చట్టం, రెండోది హైకోర్టు రిట్. కార్మిక చట్టం దారిలో అడిగేది ముందుగా ఉద్యోగం పర్మనెంటు చేయమని కాదు, తీసేసింది తప్పని. 1947 నాటి పారిశ్రామిక వివాదాల చట్టం ప్రకారం, గడిచిన పన్నెండు నెలల్లో 240 రోజులు పనిచేసినవాడిని తీసేయాలంటే నెల నోటీసు, ఏడాదికి పదిహేను రోజుల వేతనం చొప్పున పరిహారం ఇవ్వాలి. నీటిపారుదల శాఖ కూడా ఈ చట్టం కిందికి వస్తుందని 1988లో దేశ్‌రాజ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. 2025 నవంబరు 21న పారిశ్రామిక సంబంధాల కోడ్ ఆ చట్టం స్థానంలోకి వచ్చింది. 240 రోజుల సూత్రం కొనసాగుతోంది. తీసేసిన కార్మికుడు నేరుగా ఫిర్యాదు చేసే గడువు మాత్రం మూడేళ్ల నుంచి రెండేళ్లకు తగ్గింది.

240 రోజులు వినడానికి చిన్న సంఖ్య. రుజువు చేయడం చిన్న పని కాదు. పనిచేశానని చూపాల్సిన బాధ్యత కార్మికుడిదేనని 2002లో హదిమని కేసులో సుప్రీంకోర్టు అంది. నేను పనిచేశానని ప్రమాణ పత్రం ఇస్తే చాలదంది. 2005లో యెల్లట్టి కేసులో కొంత ఊరట దొరికింది. కార్మికుడు సాక్ష్యం చెప్పి, మస్టర్లు తెప్పించమని అడిగినా యాజమాన్యం తేకపోతే, ఆ వాస్తవాన్ని కోర్టు లెక్కలోకి తీసుకోవచ్చు. అందువల్ల కేసు వేసేటప్పుడే ఫలానా నెలల మస్టర్లు తెప్పించండని రాతపూర్వకంగా అడగడం ప్రాణావసరం. డెల్టాలో ఇంకో చిక్కు ఉంది. వేసవిలో కాలువలు కట్టేస్తారు. ఆ వారాల్లో పూడికతీత, షట్టర్ల మరమ్మతు నడుస్తాయి. అదే మనిషి ఆ పనీ చేస్తాడు, కానీ వేరే పద్దు కింద, ఒక్కోసారి కాంట్రాక్టరు పట్టీలో. పద్దు మారిన చోట హాజరు తెగినట్టు కనిపిస్తుంది. మూడు నెలలు నిండకముందే ఒక రోజు గైరు వేయడం, తమ్ముడి పేరో భార్య పేరో రాసి అతని చేతే పని చేయించడం కూడా కార్యాలయాల్లో తెలిసిన పద్ధతులే.

ఇన్నీ దాటి గెలిచినా దక్కేది తిరిగి రోజుకూలీ పనే కావచ్చు. 2013లో బీఎస్‌ఎన్‌ఎల్ మీద భూరుమల్ కేసులో, దినసరి కూలీని నోటీసు లేకుండా తీసేసిన ప్రతిసారీ పనిలోకి తీసుకోమనక్కర్లేదని, పరిహారంతో సరిపెట్టవచ్చని సుప్రీంకోర్టు చెప్పింది. అయితే ఈ దారిలో ఒక బలమైన ఆయుధం ఉంది. పర్మనెంటు హోదా దక్కకుండా చేసేందుకు కార్మికులను ఏళ్ల తరబడి తాత్కాలికంగా ఉంచడాన్ని కార్మిక చట్టం అనుచిత చర్యగా లెక్కిస్తుంది. అలాంటి చర్య రుజువైతే పారిశ్రామిక న్యాయస్థానం పర్మనెంటు చేయమనవచ్చని, ఉమాదేవి తీర్పు దానికి అడ్డు కాదని 2009లో మహారాష్ట్ర ఆర్టీసీ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. మన దగ్గర చాలామంది ఈ దారి వదిలేసి నేరుగా హైకోర్టుకే వెళ్తారు.

హైకోర్టు దారి ఒక చక్రంలా తిరుగుతుంది. ముందు శాఖకు అర్జీ పెట్టాలి. జవాబు రాదు. రిట్ వేస్తారు. అర్జీని ఇన్ని వారాల్లో పరిశీలించి తగిన ఉత్తర్వు ఇవ్వండని కోర్టు చెబుతుంది. ఊళ్లో కేసు గెలిచామంటారు. రెండు మూడు నెలలకు కాగితం వస్తుంది: 1994 చట్టం 7వ సెక్షన్ ప్రకారం మీ అభ్యర్థన తిరస్కరించడమైనది. దాని మీద రెండో రిట్. పరిశీలించమనడం, ఇవ్వమనడం ఒకటి కాదని 2006లో ఏపీఎస్‌ఆర్టీసీకి చెందిన జి. శ్రీనివాసరెడ్డి కేసులో సుప్రీంకోర్టు వివరంగా చెప్పింది. హక్కు ఉందో లేదో తేల్చకుండా పరిశీలించమంటే అధికారి చేతులు ఖాళీగానే ఉంటాయి. తేల్చి, ఈ సూత్రం ప్రకారం పరిశీలించమంటే అతను ఆ సూత్రానికి కట్టుబడాలి. కాబట్టి ఉత్తర్వు చేతికి రాగానే వకీలును అడగాల్సింది గెలిచామా అని కాదు, కోర్టు ఏం తేల్చిందని.

2018 చివరిదాకా హైకోర్టు హైదరాబాదులో ఉండేది. కాకినాడ, రాజమండ్రి నుంచి వాయిదాకు వెళ్లాలంటే గౌతమి ఎక్స్‌ప్రెస్‌లో ఒక రాత్రి ప్రయాణం, రెండు రోజుల కూలి నష్టం. 2019 జనవరి 1 నుంచి కోర్టు అమరావతికి వచ్చాక దూరం తగ్గింది. కేసు పట్టే కాలం ఆ మేరకు తగ్గలేదు.

గెలిచినవారికి కూడా ఇంకొక తేదీతో పేచీ ఉంటుంది. శాఖలు సాధారణంగా ఉత్తర్వు ఇచ్చిన రోజు నుంచి పర్మనెంటు అంటాయి. కార్మికుడు అర్హత వచ్చిన రోజు నుంచి అంటాడు. రాష్ట్రంలో 2004 సెప్టెంబరు 1 నుంచి చేరినవారికి పాత పింఛను లేదు, కాంట్రిబ్యూటరీ పింఛను మాత్రమే. 1985లో గట్టు ఎక్కినవాడికి 2008లో ఉత్తర్వు వస్తే, అతను 2008 ఉద్యోగి అవుతాడు. ఇరవై మూడేళ్ల పని పింఛను లెక్కలోంచి జారిపోతుంది. అందుకే ఉత్తర్వులో ఏ తేదీ నుంచి అన్న మాట కోసం మళ్లీ కోర్టుకెక్కినవారున్నారు.

ఇప్పుడున్న చాలామంది పరిస్థితి వేరు. వారు శాఖ మస్టరులో కూడా లేరు. ఏజెన్సీ ద్వారా వచ్చిన ఔట్‌సోర్సింగ్ సిబ్బంది. కాంట్రాక్టు కార్మికులు వారంతట వారే అసలు యజమాని ఉద్యోగులు కాబోరని 2001లో స్టీల్ అథారిటీ కేసులో రాజ్యాంగ ధర్మాసనం తేల్చింది. కాంట్రాక్టు బూటకమని నిరూపిస్తే తప్ప దారి లేదు. 2020 జులైలో ఏజెన్సీల స్థానంలో రాష్ట్ర ప్రభుత్వం ఆప్కాస్ అనే సంస్థ పెట్టింది. జీతం నేరుగా ఖాతాలో పడటం నిజంగా మేలు. కానీ యజమాని ఎవరన్న ప్రశ్న అలాగే ఉంది. 2023లో కాంట్రాక్టు ఉద్యోగుల క్రమబద్ధీకరణ చట్టం వచ్చింది. రాష్ట్ర విభజన తేదీ అయిన 2014 జూన్ 2కు ముందు చేరినవారికి అది వర్తించింది. అది కాంట్రాక్టు ఉద్యోగుల కోసం చేసిన చట్టం, దినసరి వారికీ ఔట్‌సోర్సింగ్ వారికీ కాదు. ఆ ఏడాది డిసెంబరులోనే రాష్ట్రమంతటా పురపాలక కార్మికులు పర్మనెంటు డిమాండుతో సమ్మెకు దిగారు.

పర్మనెంటు కాకపోయినా వేతనం మీద హక్కు ఉంది. పర్మనెంటు ఉద్యోగి చేసే పనే చేసే తాత్కాలిక ఉద్యోగికి ఆ పే స్కేలు కనీస మొత్తం ఇవ్వాలని 2016 అక్టోబరులో పంజాబ్ ప్రభుత్వం మీద జగ్జీత్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. లస్కరు పర్మనెంటు వ్యాజ్యంలో దీన్ని ప్రత్యామ్నాయ కోరికగా చేర్చడం మరవకూడదు.

ఈమధ్య కోర్టు గొంతు మారింది. కేంద్ర జలసంఘం, గోదావరి వరద అంచనాలు ఇచ్చే సంస్థే, తన కార్యాలయంలో దశాబ్దాలు శుభ్రత, తోటపనులు చేసినవారిని 2018లో తీసేసింది. వారి కేసులో, జగ్గో కేసు అంటారు, 2024 డిసెంబరు 20న సుప్రీంకోర్టు వారిని తిరిగి తీసుకుని క్రమబద్ధీకరించమంది. ఉమాదేవి తీర్పును ప్రభుత్వాలు న్యాయమైన కోర్కెలను కాలదన్నడానికి వాడుకుంటున్నాయని బాహాటంగా చెప్పింది. 2025 జనవరిలో ఘాజియాబాద్ తోటమాలుల కేసులో, ఆగస్టులో ఉత్తరప్రదేశ్‌కు చెందిన ధరంసింగ్ కేసులో అదే దారిలో నడిచింది. నిత్యావసరమైన పని చేసేవారి మీద ప్రభుత్వం తన బడ్జెట్ భారం వేయరాదని చివరి తీర్పు సారం. ఈ ముడిలో తప్పు ఎవరిదో కోర్టు సూటిగా అడగడం ఇన్నాళ్లకు కనిపిస్తోంది. కానీ ఒక జాగ్రత్త అవసరం. ఇవి ఇద్దరు న్యాయమూర్తుల ధర్మాసనాల తీర్పులు. ఉమాదేవి ఐదుగురిది, ఇప్పటికీ అమల్లో ఉంది. కొత్త తీర్పులు దాన్ని రద్దు చేయలేదు, ఎలా చదవాలో చెప్పాయి. వీటిని ఆసరా చేసుకోవాలంటే పని నిత్యమైనదని, చాలా ఏళ్లు ఆగకుండా చేశానని, అర్హత ఉందని చూపాలి. మళ్లీ మస్టరు దగ్గరికే వచ్చాం.

ఆ మస్టర్లు కార్యాలయాల్లో శాశ్వతంగా ఉండవు. గడువు తీరిన రికార్డును తొలగించే నిబంధనలున్నాయి, చెద, వరద, కార్యాలయాల మార్పు కూడా ఉన్నాయి. 2022 ఏప్రిల్‌లో జిల్లాలు విడిపోయినప్పుడు ఫైళ్లు కూడా చోట్లు మారాయి. అందుకని కోర్టు సంగతి తర్వాత, ముందు ఆ కాగితాల నకళ్లు చేతిలో ఉండాలి. సమాచార హక్కు చట్టం కింద ఫలానా సంవత్సరం నుంచి ఫలానా సంవత్సరం దాకా నా పేరున్న మస్టర్లు, కూలి చెల్లింపు వోచర్లు, ఆ సెక్షన్‌లో మంజూరైన లస్కరు పోస్టులు, వాటిలో ఖాళీలు ఇవ్వండని తెల్లకాగితం మీద రాస్తే చాలు. ముప్ఫై రోజుల్లో జవాబివ్వాలి. మన రాష్ట్రంలో గ్రామ స్థాయి కార్యాలయానికి దరఖాస్తు రుసుము లేదు, మండల స్థాయికి ఐదు రూపాయలు, ఆపైన పది. దారిద్య్రరేఖకు దిగువన ఉన్నట్టు రుజువు జతచేస్తే అదీ అక్కర్లేదు.